చెవులు మూసుకుని షికారు

మిడ్‌ మానేరు జలాశయం కట్ట మీద సెల్ఫీల సందడి చూసి ‘అందరి కళ్లూ ఫోన్లోనే’ అని నిట్టూరుస్తాం. కానీ అక్కడ ముందుగా పోయేది చూపు కాదు.

వానలు దంచికొట్టిన ఏడు, గేట్లు ఎత్తిన ఆదివారం సాయంత్రం మాన్వాడ దగ్గరున్న ఈ కట్ట మీదికి వెళ్తే బోయినపల్లి మండలానికి అదే పెద్ద జాతర అనిపిస్తుంది. కరీంనగర్‌ కార్లు, సిరిసిల్ల, జగిత్యాల బైకులు, వేములవాడలో రాజన్నకు కోడె మొక్కు చెల్లించి తిరిగిపోతూ ఆగిన ఆటోలు. మక్కకంకులు కాల్చేవాళ్ల బొగ్గుల పొగ. దూరంగా గేట్ల కింద తెల్లగా నురగ. ఆ హోరులో పక్క మనిషి మాట వినబడాలంటే చెవి దగ్గర నోరు పెట్టి చెప్పాల్సిందే.

అక్కడే రెయిలింగ్‌కు ఆనుకుని ముగ్గురు కుర్రాళ్లు ఫోను మీద వంగి ఉన్నారు. వీడియో తీయడం అయిపోయింది, ఇప్పుడు ఎడిటింగ్‌. ఒకడంటున్నాడు: “ఒరిజినల్‌ ఆడియో తీసెయ్‌రా. అంతా గాలి సప్పుడే ఉన్నది.” రెండోవాడు తీసేశాడు. ఆ వారం రీల్స్‌లో అందరూ వాడుతున్న పాటొకటి వెతికి అతికించాడు. ఎదురుగా మానేరు గొంతెత్తి అరుస్తుంటే, దాన్ని ఒక్క వేలితో నోరు మూయించి, పైన పాట పెట్టి, పోస్ట్‌ చేసి, లైకులు చూసుకుంటూ నిలబడ్డారు.

వాళ్లను తిట్టడానికి ఈ కథనం రాయడం లేదు. నా ఫోనులోనూ అలాంటివి చాలానే ఉన్నాయి. కానీ ‘గాలి సప్పుడు’ అన్న మాట దగ్గర ఆగాలనిపించింది. ఆరుబయట ఫోను మన ధ్యాసను ఎలా లాక్కుంటుందని మాట్లాడినప్పుడల్లా కళ్ల గురించే మాట్లాడతాం: దించిన తల, తెరకు అతుక్కున్న చూపు. నిజానికి కన్ను ఎంతో కొంత చూస్తూనే ఉంటుంది. ఫొటో తీసేవాడు తీయనివాడికంటే ఎక్కువే చూస్తాడేమో కూడా. చెవి మాత్రం ముందే సెలవు తీసుకుంటుంది.

దీనికి పరిశోధనల దన్ను ఉంది. 2017లో అలిక్సాండ్రా బరాష్‌, మరికొందరు పరిశోధకులు కొంతమందికి ఒక మ్యూజియం ప్రదర్శన చూపించారు. వస్తువుల వివరాలు ఆడియో గైడ్‌లో వినబడుతుంటాయి. సగం మందికి కెమెరా ఇచ్చి నచ్చినవాటిని ఫొటోలు తీసుకోమన్నారు, మిగతా సగానికి కెమెరా లేదు. తర్వాత పరీక్ష పెడితే, కెమెరా ఉన్నవాళ్లు చూసినవాటిని బాగా గుర్తుపట్టారు. విన్నవాటి దగ్గర మాత్రం వెనకబడ్డారు. ధ్యాసకు ఉన్నది ఒకటే సంచి. కంటికి ఎక్కువ పోస్తే చెవి వంతు తగ్గిపోతుంది.

అంతకు మూడేళ్ల ముందు, 2014లో, అమెరికాలోని ఫెయిర్‌ఫీల్డ్‌ యూనివర్సిటీ మనస్తత్వ శాస్త్రవేత్త లిండా హెంకెల్‌ ఇంకో సంగతి బయటపెట్టారు. వస్తువును మొత్తంగా ఒక ఫొటో కొట్టి పక్కకు జరిగినవాళ్లకు, ఊరికే నిలబడి చూసినవాళ్లకంటే తక్కువ గుర్తుంది. కెమెరా దాచుకుంటుందిలే అని బుర్ర చేతులు దులుపుకుంటుందన్నమాట. అయితే ఒక భాగాన్ని జూమ్‌ చేసి తీసినవాళ్లకు ఆ నష్టం జరగలేదు. దగ్గరికెళ్లి చూడాలంటే ఎక్కడ చూడాలో తేల్చుకోవాలి కదా. ఈ రెండు ఫలితాలూ పైకి ఒకదాన్నొకటి కొట్టుకుంటున్నట్టు ఉంటాయి. బరాష్‌ పరీక్షలో ఏది తీయాలన్నది చూసేవాళ్ల ఇష్టం, హెంకెల్‌ పరీక్షలో ఫలానాది తీయమని ముందే చెప్పారు. తేడా చాలావరకు అక్కడే ఉంది. కాబట్టి ‘ఫొటోలు తీస్తే మతిమరుపు వస్తుంది’ అని వాట్సాప్‌లో తిరిగే నీతిబోధను నేను నమ్మను. చెవి సంగతి మాత్రం నమ్ముతాను, ఎందుకంటే ఈ ప్రాంతంలో అది కళ్లముందే కనబడుతోంది.

2016 వానాకాలం చివర ఈ ఊళ్లకు మూడు సంగతులు వరసగా వచ్చిపడ్డాయి. సెప్టెంబర్‌ 5న జియో మొదలైంది, డేటా నీళ్లకంటే చవకైంది. అదే నెల చివరి వారంలో, ఇంకా కడుతున్న మిడ్‌ మానేరు కట్టకు వరదతో గండి పడింది, దిగువ పల్లెల జనం రాత్రికి రాత్రి ఇళ్లు వదిలి ఎత్తు ప్రాంతాలకు పోవాల్సి వచ్చింది. అక్టోబర్‌ 11న బోయినపల్లి పాత కరీంనగర్‌ జిల్లా నుంచి విడిపోయి రాజన్న సిరిసిల్ల జిల్లాలో చేరింది. జిల్లా మారితే బోర్డులు మారాయి. గండి పడితే పూడ్చారు, ఆ తర్వాత 25 టీఎంసీలకు పైగా నీళ్లు పట్టే శ్రీరాజరాజేశ్వర జలాశయం (ఈ మిడ్‌ మానేరే) నిండింది. మొదటిదైన చవక డేటా మాత్రం ఏ గెజిట్‌లోనూ రాయని విధంగా మనుషుల సాయంత్రాలను మార్చేసింది.

నిండిన జలాశయం కంటే వేసవిలో వెనక్కి తగ్గిన జలాశయం నాకు ఎక్కువ ఇష్టం. నీళ్లు దిగిన చోట పగుళ్లు తేలిన ఒండ్రు, గులకరాళ్లు, అక్కడక్కడ తుమ్మ మొద్దులు. సూర్యాస్తమయం ఫొటోలకు జనం నడుచుకుంటూ నీళ్ల అంచు దాకా పోతారు. సరిగ్గా ఆ గులకరాళ్ల మధ్యే తీతువ పిట్ట గుడ్లు పెడుతుంది. గూడు అంటూ ఏమీ ఉండదు. నేలలో చిన్న పళ్లెమంత లోతు, చుట్టూ నాలుగు రాళ్లు, మధ్యలో మట్టిరంగు మీద నల్లమచ్చల గుడ్లు మూడో నాలుగో. అడుగు దూరంలో ఉన్నా కంటికి ఆనవు. అవి ఉన్నాయని మనకు చెప్పేది ఆ పిట్ట గొంతే. మనిషి దగ్గరకొస్తున్న కొద్దీ దాని కేక పెరుగుతుంది, నెత్తి మీద చక్కర్లు కొడుతుంది, గూటికి మరీ దగ్గరైతే మీదికి దూసుకొచ్చినంత పని చేస్తుంది. గొర్లు కాసే పిల్లగాడికి ఎవరూ నేర్పకుండానే ఈ లెక్క తెలుసు: కేక పెద్దదైతే గుడ్లు దగ్గర, చిన్నదైతే దూరం. చెవుల్లో బ్లూటూత్‌ పెట్టుకుని వెనక్కి నడుస్తూ సెల్ఫీకి ఫ్రేమ్‌ సరిచేసుకునేవాడికి ఆ పిట్ట లేనే లేదు. కాలి కింద ఏం పగిలిందో కూడా తెలియదు.

అసలు ఈ నేల మీద బతుకు సగం చెవితోనే నడిచింది. రాత్రి మంచంలో పడుకునే ‘మత్తడి దుంకుతున్నది’ అని చెప్పగలిగేవాళ్లు, చెరువు నిండిందని తెలియడానికి గట్టు దాకా పోనక్కర్లేదు. మందలో ఏ బర్రె ఎటు పోయిందో మెడలో గంట చెప్పేది. బోరు మోటారు సంగతైతే చెప్పనే అక్కర్లేదు. అనుభవమున్న రైతు ఒడ్డు మీద నిలబడి ఒక్క క్షణం విని చెప్పేస్తాడు, మోటారు నీళ్లు గుంజుతోందో, గాలి గుంజుతోందో, ఒక ఫేజు పోయి ఊరికే గుర్రుమంటోందో. కాలిపోయే మోటారును చెవితో కాపాడుకున్నవాళ్లు ఎందరో. ఇప్పుడు ఇంట్లో కూర్చుని సెల్లు నుంచి మోటారు వేసే స్టార్టర్లు వచ్చాయి. మంచిదే. అర్ధరాత్రి కరెంటు కోసం పొలానికి పోయి పాము కాటుకో షాక్‌కో బలైన రైతుల తెలంగాణ ఇది. ఆ ప్రయాణం తప్పించిన ఏ యంత్రాన్నీ నేను తక్కువ చేయను. కానీ మోటారు వేయడం ఫోనుకు అప్పగిస్తే, మోటారును వినడం కూడా దానితోపాటే పోయింది. కొడుకు ఆ శబ్దం నేర్చుకోలేదు. నేర్చుకోవాల్సిన సమయంలో పక్కనే ఉన్నాడు, ఇయర్‌ఫోన్లతో.

దసరా నాటికి ఈ ధ్యాస సంగతి ఇంకా బాగా బయటపడుతుంది. జమ్మి పూజకు ఊరి పొలిమేరకు పోయి పాలపిట్టను చూసి రావడం మన దగ్గర ఆనవాయితీ. 2014లో తెలంగాణ ప్రభుత్వం దాన్ని రాష్ట్ర పక్షిగా ప్రకటించింది, జమ్మిని రాష్ట్ర వృక్షంగా. నాకీ ఆచారంలో నచ్చేది పుణ్యం కాదు, పని. ఎందుకంటే పాలపిట్ట అంత తేలిగ్గా దొరికేది కాదు. కరెంటు తీగ మీదో ఎండిన కొమ్మ చివరో కదలకుండా కూర్చున్నప్పుడు అది ఎర్రమట్టి రంగు రొమ్ముతో మామూలు పిట్టలాగే ఉంటుంది. పదిమంది దాని కిందనుంచే నడిచిపోతారు. ఏ మిడతనో చూసి తీగ మీంచి కిందికి జారినప్పుడు రెక్క విప్పుతుంది. అప్పుడు నీలం, లేతనీలం, మళ్లీ ముదురునీలం ఒకదాని పక్కన ఒకటి ఒక్క సెకను మెరిసి మూసుకుంటాయి. ఆ సెకను కోసం నిలబడాలి. ఏడాదిలో ఒక్క సాయంత్రమైనా ఊరు ఊరంతా ఆకాశం వైపు, తీగల వైపు తలెత్తి ఓపికగా చూడటాన్ని మన పెద్దలు పండుగలో భాగం చేశారు.

ఆ ఓపికకు ఇప్పుడు రెండు అడ్డదారులున్నాయి. ఒకటి, పట్నాల్లో పిట్టను పట్టి పంజరంలో పెట్టి, చూపించడానికి డబ్బులు తీసుకోవడం. వన్యప్రాణి చట్టం ప్రకారం అది నేరం. అటవీ శాఖ వాళ్లు పట్టుకుంటున్నారు, వదిలిపెడుతున్నారు, మళ్లీ వచ్చే దసరాకు ఎక్కడో ఓచోట పంజరం కనబడుతూనే ఉంది. రెండోదానికి చట్టం లేదు. పొద్దున ఆరుగంటలకే వాట్సాప్‌లో పాలపిట్ట బొమ్మ, కింద ‘దర్శనం అయ్యింది, పదిమందికి పంపండి’ అని రాత. పంజరం కంటే ఇదే నయం, పిట్టకు హాని లేదు. కానీ దర్శనం అయిపోయిందన్నాక పొలిమేరకు ఎవడు పోతాడు? పోయినా తీగల వైపు ఎవడు చూస్తాడు?

దసరాకు రెండు రోజుల ముందు, సద్దుల బతుకమ్మ నాడు, చెరువు గట్టున జరిగేది ఇంకో కథ. బతుకమ్మ ఆట కంటితో కంటే చెవితో ఆడేదే ఎక్కువ. ఒకామె పాట ఎత్తుకుంటుంది, మిగతావాళ్లు వంత పాడుతూ చప్పట్లు కొడుతూ అడుగేస్తారు. ఎత్తుకునే ఆమె చరణం మారిస్తే అందరూ మారాలి, గొంతు తగ్గిస్తే వాళ్లూ తగ్గాలి. వినకపోతే చప్పట్ల లయ తప్పుతుంది. డీజే బాక్సులొచ్చాక వినాల్సిన అవసరమే పోయింది. పాట దానంతటదే వస్తుంది, ఒక చేత్తో ఫోను పట్టుకుని లైవ్‌ పెడుతూ ఇంకో చేత్తో చప్పట్లు కొట్టడం కుదరదు కాబట్టి ఆ చప్పట్లూ పోయాయి. ‘మా అత్తకు నూరు పాటలు నోటికొచ్చు, నాకు పది కూడ రావు. యూట్యూబ్‌ల ఉన్నయి కదా అనుకుంటిమి’ అని ఒక నడివయసు ఆమె అంది. ఆమె గొంతులో ఫిర్యాదేమీ లేదు. తాను లెక్క తప్పిన సంగతి చెప్పినట్టుంది అంతే.

ఇక్కడ ఆగి ఫోను తరఫున కూడా మాట్లాడాలి. లేకపోతే అన్యాయం.

మిడ్‌ మానేరు కింద 12 ఊళ్లు మునిగాయి. బోయినపల్లి మండలంలోనే కొదురుపాక, నీలోజిపల్లి, వరదవెల్లి, శాభాష్‌పల్లి. వరదవెల్లి గుట్ట మీది దత్తాత్రేయ స్వామి గుడి నీళ్లు నిండితే ద్వీపమైపోతుంది, పడవలో పోవాలి. ఎండాకాలం నీళ్లు తగ్గినప్పుడు పాత ఊళ్ల జాడలు తేలతాయి. కాలనీల్లో ఉంటున్న నిర్వాసితులు అప్పుడు చూసిరావడానికి పోతారు, ఇదిగో మా వాకిలి, ఇది మా బావి గచ్చు అని ఫోన్లలో తీసుకుంటారు. వాళ్ల దగ్గర ఊరు ఉన్నప్పటి ఫొటోలు చాలా తక్కువ. పెళ్లి ఆల్బమ్‌లో వెనక కనబడే గోడ తప్ప ఇంటి బొమ్మ లేనివాళ్లున్నారు. అలాంటి మనిషి చేతిలో ఫోనును చూసి ‘ఫొటోలు ఆపి అనుభవించండి’ అని చెప్పే ధైర్యం నాకైతే లేదు. పోయిన ఊరి ముందు నిలబడ్డవాడికి ఆ బొమ్మే ఆస్తి. అయినా వాళ్లతో మాట్లాడితే ముందుగా వచ్చేవి శబ్దాలే కావడం గమనించాను. గుడి గంట, పాల డబ్బాల చప్పుడు, మానేరు పారుడు. వాటిని ఎవరూ రికార్డు చేసి పెట్టుకోలేదు, అవి నీళ్ల కిందికి పోతాయని ఎవరూ అనుకోలేదు.

ఇంకాస్త ఉత్తరానికి, జగిత్యాల జిల్లా మల్యాల మండలం లంబాడిపల్లికి పోతే ఇదే ఫోను ఇంకో రూపంలో కనబడుతుంది. ‘మై విలేజ్‌ షో’ పుట్టింది అక్కడే. కూలి పనులు చేసుకుంటూ అరవై ఏళ్లకు దగ్గరపడిన గంగవ్వ ఆ వీడియోలతో తెలుగువాళ్లందరికీ తెలిసిపోయింది, 2020లో బిగ్‌బాస్‌ దాకా పోయింది. ఆ వీడియోల బలం ఏమిటని అడిగితే నేను మాటే అంటాను. మన యాస, మన వాకిలి మాట, కల్పించకుండా. నీళ్ల హోరు తీసేసి పాట అతికించిన రీల్‌కూ, ఊరి గొంతును ఉన్నదున్నట్టు పట్టుకున్న వీడియోకూ తేడా ఫోనులో లేదు, తీసేవాడి చెవిలో ఉంది.

ప్రమాదాల గురించి ఒక మాట చెప్పి వదిలేస్తాను, ఎందుకంటే అది అందరూ రాసేదే. 2011 అక్టోబర్‌ నుంచి 2017 నవంబర్‌ దాకా ప్రపంచవ్యాప్తంగా వార్తలను జల్లెడ పట్టి మన దేశ వైద్యులు 2018లో అచ్చువేసిన అధ్యయనంలో సెల్ఫీ మరణాలు 259 తేలాయి. అందులో భారతదేశానిదే మొదటి స్థానం, కారణాల్లో నీళ్లలో మునగడం మొదటిది. జలాశయం అంచున బోర్డులు పెట్టేవాళ్లు ఈ రెండో సంగతి పెద్దక్షరాల్లో రాయిస్తే మేలు. మనిషి జారేముందు కాలికింద మట్టి జారే చప్పుడో, వెనకనుంచి ఎవరో పిలిచిన కేకో ఉంటుంది. అది చెవిన పడాలి కదా.

ప్రాణం పోకపోయినా పోయేది ఇంకొకటుంది. మనం ఆరుబయటకి పోయేదే అలసిన బుర్రకు కాస్త ఊరట కోసం. మిషిగన్‌ యూనివర్సిటీకి చెందిన రేచెల్‌, స్టీఫెన్‌ కప్లాన్‌ దంపతులు 1989లో రాసిన పుస్తకంలో ఆ ఊరట ఎలా పనిచేస్తుందో వివరించారు. లెక్కలు, ఫైళ్లు, ట్రాఫిక్‌ మన ధ్యాసను బలవంతంగా కూర్చోబెట్టి పని చేయిస్తాయి, అది అలిసిపోతుంది. ఆకుల కదలిక, నీటి అలలు, పిట్టల కూతలు మనల్ని అడక్కుండానే పట్టుకుంటాయి, ఆ కాసేపు అలిసిన భాగం విశ్రాంతి తీసుకుంటుంది. 2019లో బిన్‌ జియాంగ్‌, విలియం సల్లివన్‌ బృందం దీన్ని పరీక్షించింది. బుర్ర అలిసేలా పని చేయించి, కొందరిని చెట్లున్న చోట, కొందరిని బోసిగా ఉన్న చోట కూర్చోబెట్టారు. మళ్లీ వాళ్లలో సగం మందికి లాప్‌టాప్‌ ఇచ్చారు. తిరిగి ధ్యాస చురుకైంది ఒక్క గుంపుకే: చెట్ల దగ్గర, చేతిలో ఏమీ లేకుండా కూర్చున్నవాళ్లకు. తెర చేతిలో ఉన్నవాళ్లకు చెట్లున్నా బోసి నేలైనా ఒకటే అయింది. సిరిసిల్లలో వారమంతా మరమగ్గాల మోత మధ్య పనిచేసిన మనిషి ఆదివారం మానేరు గట్టుకొచ్చి మళ్లీ చెవుల్లో పాటలు పెట్టుకుంటే, పెట్రోలు ఖర్చు తప్ప ఏం మిగిలిందో చెప్పడం కష్టం. నిజానికి అతనికే నిశ్శబ్దం అందరికంటే ఎక్కువ అవసరం.

ఫోనుతోనే చెవికి పదును పెట్టుకునే దారి కూడా ఉంది. అమెరికా కార్నెల్‌ పక్షిశాస్త్ర ప్రయోగశాల తయారుచేసిన మెర్లిన్‌ అనే ఉచిత యాప్‌ పిట్ట కూత విని అది ఏ పిట్టో చెబుతుంది. మన పిట్టలు చాలా అందులో ఉన్నాయి. బడి పిల్లలను చెరువు గట్టుకు తీసుకుపోయే పంతుళ్లు దీన్ని వాడి చూడాలి. ఫోనును చేతిలో పట్టుకుని అందరూ నోరు మూసుకుని నిలబడే అరుదైన సందర్భం అది. నాకొక్కటే అనుమానం: పేరు తెలిసిన మరుక్షణం పిల్లలు పిట్టను వదిలి యాప్‌లో బొమ్మను చూస్తారు. ముందు చెవితో ఊహించి, తర్వాత యాప్‌తో సరిచూసుకోమంటే ఆ చిక్కు కొంత తగ్గుతుంది.

మక్కచేలలో ఒక కొత్త శబ్దం వినబడుతోంది ఈ మధ్య. అడవిపందులు, కోతులు చేన్లు ఆగం చేస్తున్నాయని రైతులు ఛార్జింగ్‌ మైకులు కొని, అందులో తమ అరుపులే రికార్డు చేసి, కర్రకు కట్టి రాత్రంతా మోగిస్తున్నారు. ‘హో హో... దా... కొట్టు కొట్టు’ అని అదే కేక, అదే దమ్ము, తెల్లార్లూ. ఒక చేను దగ్గర మంచె మీద ముసలాయన కనిపిస్తే పలకరించాను. మైకు పక్కచేనులో అరుస్తోంది, ఈయన దగ్గర లేదు.

“నువ్వెందుకు పెట్టలేదు తాతా?”

“పెట్టిన. నాలుగొద్దులు భయపడ్డయ్‌. తర్వాత దాని కిందనే మేస్తున్నయ్‌. పందికి ఎరుకైంది బిడ్డా, గది మనిషి కాదని.”

ఆయన పక్కన ఫోను ఉంది, స్పీకరు మీద సన్నగా ఒగ్గుకథ నడుస్తోంది. రాత్రి పొద్దుపోవాలి కదా అన్నాడు. మనవడు ఇయర్‌ఫోన్లు ఇచ్చాడట, బాగా వినబడతాయని. మరి పెట్టుకోవేం అన్నాను.

“చెవులల్ల గవి వెట్టుకుంటే మక్క విరిగిన సప్పుడు ఎట్ల ఎరుకైతది? పెట్టుకునుడే అయితే ఇంట్ల పండుకుంట గద, మంచె ఎందుకు?”